హాస్యచిత్ర సంకలనాల ఎంపికలో పలుకుబడి: జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి పాఠకుల దృష్ట్యా ఒక చారిత్రక పరిశీలన

వ్యాససంగ్రహం

తెలుగు పత్రికల్లో హాస్యచిత్రం దాదాపు శతాబ్ద కాలంగా వెలువడుతున్నది. పత్రికలో అచ్చయిన బొమ్మకు ఆయుష్షు ఒక వారమే. పుస్తకంగా కూర్చినప్పుడే అది తరువాతి తరానికి అందుతుంది. అందువల్ల ఏ సంకలనాన్ని పాఠకునికి సూచించాలన్నది అభిరుచికి సంబంధించిన ప్రశ్న మాత్రమే కాదు, చరిత్రకు సంబంధించినది కూడా. పూర్వపు వరంగల్ జిల్లా నుండి 2016లో ఏర్పడిన జనగామ, మహబూబాబాద్, జయశంకర్ భూపాలపల్లి జిల్లాల పాఠకులను దృష్టిలో ఉంచుకొని ఈ వ్యాసం ఆ ప్రశ్నను పరిశీలిస్తుంది. తెలుగు హాస్యచిత్రంలో నవ్వు ప్రధానంగా బొమ్మ కింది మాటలో ఉన్నది కనుక, ఆ మాట ఎవరి పలుకుబడి అన్నదే ఎంపికకు మొదటి కొలమానం కావాలని ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: హాస్యచిత్రం, బొమ్మలకథ, సంకలనం, పలుకుబడి, చేర్యాల నకాషీ పటం, గ్రంథాలయం, తెలంగాణ భాష.

1. ప్రవేశిక

తెలుగులో హాస్యానికి ప్రత్యేక పత్రిక అవసరమన్న ఆలోచన పాతదే. కందుకూరి వీరేశలింగం 1874లో 'వివేకవర్ధని'ని స్థాపించి, 1876లో దానికి తోడుగా 'హాస్య సంజీవని'ని వెలువరించారు. ఆనాటి హాస్యం వచనంలోనే సాగింది. బొమ్మతో నవ్వించే ప్రక్రియ తెలుగులో స్థిరపడటానికి మరో అర్ధశతాబ్దం పట్టింది. కాశీనాథుని నాగేశ్వరరావు 1924లో ప్రారంభించిన 'భారతి' మాసపత్రికలో తలిశెట్టి రామారావు గీసిన చిత్రాలతో ఈ ప్రక్రియకు ఒక రూపం ఏర్పడింది. ఆయన జన్మదినమైన మే 20ని నేడు తెలుగు కార్టూనిస్టుల దినోత్సవంగా జరుపుకుంటున్నారు.

కథకు, నవలకు, కవిత్వానికి సంకలనాల చరిత్ర ఉన్నది. విశ్వవిద్యాలయాల పాఠ్యప్రణాళికల్లో వాటికి స్థానమున్నది. హాస్యచిత్రానికి ఈ రెండూ కొరవడ్డాయి. హాస్యచిత్రాల పుస్తకమేదైనా చెప్పమని విద్యార్థి అడిగితే అధ్యాపకునికి వెంటనే స్ఫురించేవి రెండు మూడు పేర్లే. ఆ పేర్లు గొప్పవే. అయితే ఆ రెండు మూడు పేర్లే ఎందుకు మిగిలాయన్నది విచారించదగిన విషయం.

2. తెలుగులో ఒంటిగడి బొమ్మ ప్రాబల్యం

గడుల వరుసలో సాగే హాస్య బొమ్మలకథ పాశ్చాత్య దేశాల్లో దినపత్రికల ఆధారంగా పెరిగింది. చార్లెస్ షుల్జ్ 'పీనట్స్' 1950 నుండి 2000 వరకు సాగింది. బిల్ వాటర్సన్ 'కాల్విన్ అండ్ హాబ్స్' 1985 నుండి 1995 వరకు వెలువడింది. వీటికి పత్రికలో ప్రతిదినమూ కేటాయించిన స్థలం, ఏళ్ల తరబడి ఒకే పాత్రలను మోసే చిత్రకారుడు, ఆ చిత్రాన్ని అనేక పత్రికలకు అమ్మిపెట్టే సంస్థ అనే మూడు ఆధారాలు ఉన్నాయి.

భారతీయ భాషల్లో మలయాళం ఈ విషయంలో ముందున్నది. టామ్స్ 'బోబనుం మోళియుం' ఇంటింటి పేరైంది. 1961లో మాతృభూమి వారపత్రికలో జి. అరవిందన్ ప్రారంభించిన 'చెఱియ మనుష్యరుం వలియ లోకవుం' దశాబ్దానికి పైగా సాగి, మధ్యతరగతి యువకుని జీవితాన్ని నవలాస్థాయిలో చిత్రించింది. హిందీలో ప్రాణ్ సృష్టించిన 'చాచా చౌధరీ' 1971 నుండి పిల్లలను అలరించింది.

తెలుగులో ఆ మార్గంలో నడిచినవారిలో అగ్రగణ్యుడు బుజ్జాయి (దేవులపల్లి సుబ్బరాయశాస్త్రి, 1931–2017). దేవులపల్లి కృష్ణశాస్త్రి కుమారుడైన ఈయన గీసిన 'డుంబు' తెలుగు హాస్య బొమ్మలకథకు తొలి ఉదాహరణల్లో చెప్పుకోదగినది. ఆయన పంచతంత్ర కథలను బొమ్మలకథలుగా మలచి 'ఇలస్ట్రేటెడ్ వీక్లీ ఆఫ్ ఇండియా' ద్వారా దేశమంతటి పాఠకులకు అందించారు. అయినా ఆయన బాట తెలుగులో రాచబాట కాలేదు.

వారపత్రికలో కథకు, సీరియల్‌కు పేజీలు కేటాయించగా మిగిలిన స్థలమే బొమ్మకు దక్కేది. ఆ స్థలంలో ఒక్క గడి ఇముడుతుంది, నాలుగు గడులు ఇమడవు. పత్రికకు బయటి నుండి బొమ్మలు పంపే చిత్రకారునికి ప్రతివారం స్థలం దొరుకుతుందన్న భరోసా లేదు. భరోసా లేనిచోట పాత్ర పెరగదు. దినపత్రికల్లో 'టైమ్స్ ఆఫ్ ఇండియా'లో 1951 నుండి ఆర్.కె. లక్ష్మణ్ స్థిరపరచిన పాకెట్ కార్టూన్ నమూనాయే తెలుగుకూ వచ్చింది. 1974లో ప్రారంభమైన 'ఈనాడు'లో శ్రీధర్ దశాబ్దాల పాటు గీసిన 'ఇదీ సంగతి' దీనికి ప్రసిద్ధమైన ఉదాహరణ.

ఒంటిగడి బొమ్మకు కథాగమనం ఉండదు. పాత్ర ముందేమి చేసిందో, తరువాత ఏమి చేస్తుందో చూపే వీలు దానికి లేదు. అందువల్ల నవ్వు పుట్టించే బాధ్యత చాలావరకు కింద రాసిన ఒకటి రెండు వాక్యాల మీద పడుతుంది. తెలుగు హాస్యచిత్రం మాటమీద ఆధారపడిన చిత్రం కావడానికి మూలం ఇక్కడే ఉన్నది.

3. మాట, పలుకుబడి, నవ్వు

బాపు (1933–2014) గీతకూ ముళ్లపూడి వెంకటరమణ (1931–2011) మాటకూ కుదిరిన జంట ఈ లక్షణాన్ని శిఖరానికి చేర్చింది. 'ఆంధ్రపత్రిక' వారపత్రిక ద్వారా పాఠకులకు పరిచయమైన 'బుడుగు' నిజానికి బొమ్మలకథ కాదు, బొమ్మలతో కూడిన వచనం. అయినా తెలుగు పాఠకుడు దానిని బొమ్మ లేకుండా ఊహించలేడు. సీగానపెసూనాంబ, రెండుజెళ్ల సీత వంటి పేర్లు బొమ్మ వల్లా మాట వల్లా సమానంగా గుర్తుంటాయి. గ్రాంథికపు బిగువు నుండి తెలుగు హాస్యాన్ని విడిపించి, ఇంట్లో పిల్లవాడు మాట్లాడే మాటకు సాహిత్య గౌరవం కల్పించినందుకు 'బుడుగు' చారిత్రకంగా ముఖ్యమైనది.

అయితే ఆ ఇల్లు గోదావరి ప్రాంతపు మధ్యతరగతి ఇల్లు. బామ్మ, బాబాయి వంటి సంబోధనలు, ఆ సంబోధనల్లోని చనువు, ఆ చనువులోని కొంటెతనం ఆ ప్రాంతపు పాఠకునికి వివరించనక్కరలేదు. జనగామ ప్రాంతపు పల్లెలో బాబాయి చిన్నాయనో కాకో అవుతాడు, బామ్మ నాయినమ్మ అవుతుంది. ఈ ప్రాంతంలో అనేక కుటుంబాల్లో 'బాపు' అంటే తండ్రి. భార్య భర్తను 'ఏవండోయ్' అని పిలవడంతో మొదలయ్యే హాస్యచిత్రాలు తెలుగులో కోకొల్లలు. ఆ పిలుపే వాడుకలో లేని ఇంటి పాఠకుడు బొమ్మను అర్థం చేసుకుంటాడు, నవ్వుతాడు కూడా. కాని తన ఇంటిని అందులో చూసుకోడు. సినిమాల నుండీ పత్రికల నుండీ నేర్చుకున్న మరో ఇంటిని చూస్తాడు.

ఇది బాపు రమణల లోపం కాదు. ఏ రచయితైనా తనకు తెలిసిన ఇంటినే గీస్తాడు. లోపం అచ్చుయంత్రాంగంలో ఉన్నది. తెలుగు వారపత్రికలు మొదట మద్రాసు, తరువాత విజయవాడ కేంద్రాలుగా వెలువడ్డాయి. నిజాం రాష్ట్రంలో తెలుగు అచ్చుకు, తెలుగు సభకు ఆంక్షలుండేవి. బహిరంగ సభలను కట్టడిచేసిన గస్తీ నిషాన్ 53 ఆ కాలపు చిహ్నం. హైదరాబాదులో 1901లో శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషా నిలయం, హనుమకొండలో 1904లో శ్రీ రాజరాజ నరేంద్ర ఆంధ్రభాషా నిలయం ఏర్పడిన నాటినుండి ఈ ప్రాంతం తెలుగు చదువరులను పెంచుకున్నది. సురవరం ప్రతాపరెడ్డి 1926లో 'గోలకొండ' పత్రికను నడిపి రచయితలను వెలికితీశారు. పాఠకులు ఏర్పడ్డారు, రచయితలు ఏర్పడ్డారు. వారానికొకసారి నవ్వించే బొమ్మకు చోటిచ్చే బలమైన సచిత్ర వారపత్రిక మాత్రం ఈ నేలమీద ఆ కాలంలో నిలదొక్కుకోలేదు.

కాళోజీ నారాయణరావు బడిభాషకూ జనం పలుకుబడికీ మధ్య చూపిన వ్యత్యాసం ఇక్కడ స్మరణీయం. నేటి మహబూబాబాద్ జిల్లాలోని చినగూడూరులో పుట్టిన దాశరథి రంగాచార్య తన నవలల్లో తెలంగాణ వాడుకను సంభాషణగా నిలిపారు. నవలకు దక్కిన ఈ చేర్పు హాస్యచిత్రానికి ఆలస్యంగా దక్కింది. అంతకు ముందు ఈ పలుకుబడి తెలుగు వినోదంలో కనిపించినప్పుడు తరచుగా దాన్ని మాట్లాడే మనిషిని నవ్వులపాలు చేయడానికే వచ్చింది. మాట్లాడేవాడు నవ్వించడం వేరు, మాట్లాడే తీరును చూసి నవ్వడం వేరు. సంకలనాన్ని సూచించే అధ్యాపకుడు ఈ తేడాను గమనించాలి.

4. పటం నుండి పుస్తకానికి

గడుల వరుసలో బొమ్మను చదవడం ఈ ప్రాంతానికి కొత్త విద్య కాదు. పూర్వం జనగామ డివిజనులో భాగంగా ఉండి, 2016 పునర్విభజనలో సిద్దిపేట జిల్లాలో చేరిన చేర్యాల నకాషీ చిత్రకళ దీనికి నిదర్శనం. ఎర్రని నేపథ్యంమీద అడ్డగడులుగా విభజించిన పొడవైన గుడ్డపటాన్ని కథకుడు ఒక్కొక్క గడి విప్పుతూ కథ చెబుతాడు. పద్మశాలీలకు కూనపులివారు మార్కండేయ పురాణాన్ని, మాదిగలకు డక్కలివారు జాంబపురాణాన్ని చెప్పడం ఈ సంప్రదాయంలో భాగం. ఈ కళకు భౌగోళిక గుర్తింపు కూడా లభించింది.

పటంలో బొమ్మ స్థిరం, మాట చరం. నకాషీ చిత్రకారుడు గీసిన గడిలో సంభాషణ ఉండదు. ఆ సంభాషణను కథకుడు ఆ ఊరి పలుకుబడిలో, ఆనాటి సందర్భాన్ని కలుపుకొని, ఎదుట కూర్చున్నవారిని చూసి పలుకుతాడు. పురాణగాథ మధ్యలో హాస్యం దూరేది ఈ మాటలోనే. అచ్చు హాస్యచిత్రంలో ఈ సంబంధం తలకిందులైంది. మాట కూడా బొమ్మతోపాటు స్థిరపడిపోయింది. ఎక్కడో స్థిరపడిన ఆ మాటే అన్ని ఊళ్లకూ వెళ్లింది. పటం చూసిన శ్రోతకు తన నోటి మాట వినిపించింది. పత్రిక చదివిన పాఠకునికి అది వినిపించలేదు.

ఈ పోలికతో పటాన్ని నేటి బొమ్మలకథకు పూర్వరూపమని చెప్పడం ఉద్దేశం కాదు. రెండింటి ప్రయోజనాలు వేరు, పోషకులు వేరు. బొమ్మల వరుసను చదవగల సంస్కారం ఈ పాఠకునికి వారసత్వంగా ఉన్నదనీ, లోటు మాటలోనే ఉన్నదనీ చూపడమే ఉద్దేశం.

5. తెలంగాణ గీత

ఉమ్మడి వరంగల్ జిల్లాకు చెందిన చంద్ర (మైదం చంద్రశేఖర్, 1946–2021) కథలకు, నవలలకు వేసిన బొమ్మలతో పాటు హాస్యచిత్రాలు కూడా గీశారు. ఈ ప్రాంతపు మనిషి దేహాన్ని, నిలుచునే తీరును తెలుగు పత్రికల పేజీల్లోకి తెచ్చినవారిలో ఆయన ముఖ్యులు. సూర్యాపేటలో పుట్టిన శేఖర్ (1965–2014) 'ఆంధ్రజ్యోతి'లో గీసిన రాజకీయ చిత్రాల్లో తెలంగాణ మాట తలవంచుకోకుండా నిలబడింది. కులవివక్షమీద ఆయన గీసిన చిత్రాల సంకలనం 'కేస్ట్ కేన్సర్' నవ్వుకూ నొప్పికీ మధ్య గీత ఎంత సన్ననిదో చూపుతుంది. 2011లో వెలువడిన 'నమస్తే తెలంగాణ'లో మృత్యుంజయ్ గీసిన చిత్రాలు ప్రత్యేక రాష్ట్రోద్యమపు చివరి దశకు దృశ్యరూపమైన వ్యాఖ్యానం.

వీరిని పరిశీలిస్తే ఒక అంశం స్పష్టమవుతుంది. తెలంగాణ పలుకుబడి తెలుగు హాస్యచిత్రంలోకి ప్రధానంగా రాజకీయ ద్వారం గుండా వచ్చింది. రాజకీయ చిత్రం త్వరగా పాతబడుతుంది. మంత్రి మారితే బొమ్మ అర్థం మసకబారుతుంది. ఇంటి హాస్యం అలా పాతబడదు. అందువల్ల సంకలనాల లోకంలో కోస్తా ఇంటి హాస్యం నిలిచింది, తెలంగాణ వీధి హాస్యం వివరణ లేనిదే అర్థంకాని స్థితికి చేరుతున్నది. ఇదే అసలైన నష్టం.

6. ఎంపికకు కొలమానాలు

పై చరిత్ర ఆధారంగా ఈ మూడు జిల్లాల పాఠకునికి సంకలనాలను సూచించడానికి నాలుగు కొలమానాలను ప్రతిపాదించవచ్చు.

మొదటిది, పలుకుబడి. బొమ్మ కింది మాట ఎవరిదో, అది మాట్లాడేవానితో కలిసి నవ్విస్తున్నదో, మాట్లాడేవాణ్ణి చూసి నవ్విస్తున్నదో చూడాలి. ఒకే ప్రాంతపు మాటతో ఉన్న పుస్తకాలను మాత్రమే సూచించకూడదు. 'బుడుగు'ను సూచించే అధ్యాపకుడు దాని పక్కనే శేఖర్‌ను పెట్టాలి. ఒకటి ఇంటిలోని చనువు, రెండవది వీధిలోని నిలదీత. రెండూ చదివినవానికే తెలుగు హాస్యం విస్తృతి తెలుస్తుంది.

రెండవది, మాట అవసరం లేని బొమ్మ. మహబూబాబాద్ జిల్లా జనాభాలో మూడోవంతుకు పైగా గిరిజనులు. లంబాడా ఇళ్లలో గోర్‌బోలి, కోయ ఇళ్లలో కోయభాష వినిపిస్తాయి. భూపాలపల్లిలో సింగరేణి గనులు వేర్వేరు ప్రాంతాల కార్మికులను ఒకచోట చేర్చాయి. ఇంటి భాష వేరైన విద్యార్థికి తొలి పుస్తకంగా మాటలు లేని బొమ్మల సంకలనమే అనువైనది. మద్రాసులో జంతుశాస్త్ర అధ్యాపకుడిగా పనిచేస్తూ హాస్యచిత్రకళను సాధన చేసిన జయదేవ్ చిత్రాల్లో ఇందుకు తగినవి లభిస్తాయి. విద్యార్థి తన భాషలో ఆ బొమ్మకు మాట రాయగలడు. పటం ముందు కథకుడు చేసిన పని కూడా అదే.

మూడవది, గీసినవారి స్థానం. భార్య గయ్యాళి, భర్త అమాయకుడు అన్న సూత్రంతో తెలుగులో వేలాది బొమ్మలు పుట్టాయి. రాగతి పండరి (1965–2015) వంటి స్త్రీ గీసిన చిత్రాలను వాటి పక్కన ఉంచి చదివితే ఆ సూత్రపు బలహీనత తేలికగా బయటపడుతుంది. తరగతి గదిలో సగం మంది విద్యార్థినులున్నప్పుడు ఈ కొలమానాన్ని విస్మరించడం తగదు.

నాలుగవది, సంకలనకర్త శ్రద్ధ. బొమ్మ ఏ పత్రికలో, ఏ తేదీన వచ్చిందో, ఏ సంఘటనను ఉద్దేశించిందో తెలిపే సంకలనాలు తెలుగులో అరుదు. ఇంటి హాస్యానికి ఇది చిన్న లోటు, రాజకీయ చిత్రానికి ప్రాణాపాయం. తేదీ లేని రాజకీయ చిత్రం పరిశోధకునికి ఆధారంగా పనికిరాదు. హాస్యచిత్రాన్ని గురించి ఆలోచించడం నేర్పే పుస్తకంగా మోహన్ (మరణం 2017) రచించిన 'కార్టూన్ కబుర్లు'ను తప్పక సూచించాలి. ప్రపంచ చిత్రకారుల పరిచయంతో పాటు గీతను ఎలా చూడాలో అది చెబుతుంది.

ఈ కొలమానాల ప్రకారం ఒక క్రమం ఏర్పడుతుంది. ముందు జయదేవ్ మాటలు లేని బొమ్మలు, ఆపై 'బాపు కార్టూన్లు', 'బుడుగు', బుజ్జాయి 'డుంబు', తరువాత రాగతి పండరి, శేఖర్, చివర 'కార్టూన్ కబుర్లు'. పరభాషా పుస్తకాలు చదవగలిగినవారికి 'కాల్విన్ అండ్ హాబ్స్'ను 'బుడుగు'తో కలిపి సూచించవచ్చు. ఇద్దరూ పెద్దల లోకాన్ని పిల్లవాని తర్కంతో కొలిచేవారే. బుడుగు మాటల్లో కొలుస్తాడు, కాల్విన్ గడుల్లో కొలుస్తాడు. ఒంటిగడికీ బొమ్మలకథకూ మధ్య తేడా విద్యార్థికి ఈ పోలికతో సులభంగా బోధపడుతుంది.

7. గ్రంథాలయం, కళాశాల

సూచించిన పుస్తకం దొరకకపోతే సూచన నిష్ఫలం. 1960 నాటి పౌర గ్రంథాలయాల చట్టం స్థానిక సంస్థల ఆస్తిపన్నుపై గ్రంథాలయ సెస్సుకు వీలు కల్పించింది. కొత్త జిల్లాలతో పాటు కొత్త జిల్లా గ్రంథాలయ సంస్థలూ ఏర్పడ్డాయి. జిల్లా కేంద్రాల్లోని పఠన మందిరాల్లో పోటీపరీక్షల పుస్తకాలకు ఉన్న గిరాకీ సహజమే. దానికి పక్కనే ఒక అరను హాస్యచిత్ర సంకలనాలకు కేటాయించడం పెద్ద వ్యయం కాదు.

పుస్తకాలు కొనడంకంటే అత్యవసరమైన పని మరొకటి ఉన్నది. పాత వారపత్రికలను చిత్తుకాగితాలుగా అమ్మివేయడం గ్రంథాలయాల్లోనూ ఇళ్లలోనూ అలవాటు. వేటపాలెం సారస్వత నికేతనం, హైదరాబాదులోని సుందరయ్య విజ్ఞాన కేంద్రం వంటివి పాత పత్రికలను కాపాడినందువల్లనే తెలుగు పత్రికా చరిత్ర కొంతైనా మిగిలింది. జిల్లా అనుబంధాల్లో ఆయా ప్రాంతాల చిత్రకారులు గీసిన బొమ్మలకు అటువంటి రక్షణ లేదు. ఒక ఊరి చెరువు గురించో, బస్సు రాని దారి గురించో వచ్చిన బొమ్మ రాష్ట్రస్థాయి సంకలనంలో చేరదు. దాని చరిత్ర ఆ జిల్లాతోనే ముడిపడి ఉన్నది.

1976లో ఏర్పడిన కాకతీయ విశ్వవిద్యాలయం పరిధిలోని ఈ జిల్లాల కళాశాలలకు ఇది అందుబాటులో ఉన్న పరిశోధన క్షేత్రం. డిగ్రీ విద్యార్థుల 'జిజ్ఞాస' అధ్యయన ప్రాజెక్టులకు ఒక జిల్లాను, ఒక దశాబ్దాన్ని తీసుకొని హాస్యచిత్రాలను సేకరించి, తేదీ, పత్రిక, సందర్భం, మాటలోని ప్రాంతీయ పదాలు అన్న నాలుగు వివరాలతో పట్టిక చేస్తే భాషాశాస్త్రానికీ చరిత్రకూ ఉపయోగపడే ఆధారం సిద్ధమవుతుంది. చిత్రకారుని అనుమతితో దానిని సంకలనంగా తేవచ్చు. నాలుగవ కొలమానం కోరే సంకలనం అప్పుడు ఈ జిల్లాల నుండే రాగలదు.

8. ముగింపు

తెలుగు హాస్యచిత్రం పత్రికలో తనకు దొరికిన చిన్న చోటు వల్ల ఒంటిగడిగా మిగిలింది. ఒంటిగడి కావడం వల్ల మాటమీద ఆధారపడింది. మాటమీద ఆధారపడటం వల్ల అచ్చుకేంద్రాల పలుకుబడి దాని పలుకుబడిగా స్థిరపడింది. సంకలనాలు ఆ స్థితినే శాశ్వతం చేశాయి. తెలంగాణ పలుకుబడి రాజకీయ చిత్రం ద్వారా ప్రవేశించినా, తేదీలూ సందర్భాలూ లేని సంకలనాల వల్ల మసకబారే ప్రమాదంలో ఉన్నది.

కాబట్టి మంచి సంకలనాన్ని సూచించడమంటే పేరున్న పుస్తకాన్ని చెప్పడంతో సరిపోదు. ఆ పుస్తకంలో ఎవరి ఇల్లు ఉన్నదో, ఎవరి ఇల్లు లేదో కూడా చెప్పాలి. జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి పాఠకుడు బాపు బొమ్మకు నవ్వుతూనే ఉంటాడు, నవ్వాలి కూడా. తన నాయినమ్మ మాటకూ అదే గౌరవంతో నవ్వగలిగే పుస్తకం అతని చేతికి అందించవలసిన బాధ్యత అధ్యాపకులది, పరిశోధకులది, గ్రంథాలయాలది.